మంచు మీద ఒకడెక్కువ

ఆ శీతాకాలం మా ఆయనకు మతి పోతోందని నేను తేల్చేసుకున్నాను. ఎవరో చెప్పగా నమ్మింది కాదు, కళ్ళారా చూసి నమ్మింది. మతి పోవడం ఎలా మొదలవుతుందో మా ఊళ్ళో నాకంటే బాగా తెలిసినవాళ్ళు లేరు. మా మామగారు ఊర్హో కంగాస్ చివరి రోజులన్నీ మా ఇంట్లోనే గడిపాడు. మొదట అడిగినదానికి పొంతన లేని జవాబులు చెప్పేవాడు. తర్వాత మనుషుల పేర్లు తారుమారు చెయ్యడం మొదలుపెట్టాడు. ఆ తర్వాత ఒకరోజు భోజనాల బల్ల దగ్గర నా మొహంలోకి చూసి, "ఎవరమ్మా నువ్వు? మీ వాళ్ళు నీకోసం ఎదురుచూస్తూ ఉండరూ?" అని ఎంతో మర్యాదగా అడిగాడు. ఆయన తిట్టినా అంత బాధపడేదాన్ని కాదు.

అందుకే ఆర్వోలో అవే లక్షణాలు కనబడగానే నా గుండెల్లో రాయి పడింది. ఆర్వో అంటే మా ఆయన. మా కాలేజీ ఐస్ హాకీ జట్టుకి కోచ్. పాతికేళ్ళ పైబడి అదే రేకుల కప్పు కింద, అదే బెంచీ వెనక నిలబడి కేకలు వేస్తూ మా ఊరి పిల్లల్ని మనుషుల్ని చేశాడు. అమెరికా ఉత్తరపు కొసనున్న మా ఊరికి రాగి గనులు మూతపడ్డాక మిగిలింది మంచూ, ఆ మంచు మీద ఆడే ఆటే. శుక్ర, శనివారాల సాయంత్రాలు ఊరు ఊరంతా ఆ మంచు మైదానం, రింకులోనే ఉంటుంది. మా ఊళ్ళో గవర్నర్ పేరు తెలియనివాళ్ళు ఉన్నారు కానీ, కోచ్ కంగాస్ ఎవరో తెలియనివాళ్ళు లేరు.

నవంబరులో ఒక ఉదయం ఫ్రిజ్ తెరిచి, పాలు విరిగిపోయాయని చెప్పాను. ఆర్వో చేతిలోని కాఫీ కప్పు కింద పెట్టాడు. మొహం పాలిపోయింది. ఒక్క మాట కూడా అడక్కుండా వరండాలోకి పోయి, తన దగ్గర సహాయకుడిగా చేసే లియోకి ఫోన్ చేసి, కాలు విరిగింది ఏ కుర్రాడికని ఆరా తీశాడు. ఎవరికీ ఏమీ విరగలేదని లియో చెప్పి ఉంటాడు. ఫోన్ పెట్టేసి వచ్చి కూర్చున్నాడు. ఏమైందని అడిగితే ఏం లేదన్నాడు. నా మొహంలోకి మాత్రం చూడలేదు. పాలు లేని కాఫీ తాగి, కోటు వేసుకుని వెళ్ళిపోయాడు.

ఇక ఆ రోజు నుంచీ అతన్ని వేయి కళ్ళతో కనిపెట్టడమే నా పని. చర్చి మెట్ల మీద పాస్టర్‌గారు ఆర్వో వాళ్ళ అక్క ఆరోగ్యం ఎలా ఉందని అడిగితే, కొత్త టైర్లు వేయించాం, ఇక దిగులు లేదన్నాడు. పది మంది నవ్వితే తనూ నవ్వుతున్నాడు, కాకపోతే ఒక క్షణం ఆలస్యంగా. మధ్యాహ్నాలు తన ఈడువాళ్ళంతా కాఫీ తాగుతూ కూర్చునే హోటల్‌కి వెళ్ళడం మానేశాడు. ఎందుకు మానేశావని అడిగితే, అక్కడ అందరూ ఒకేసారి వాగుతారు, తలనొప్పి అన్నాడు. మామగారు కూడా అచ్చం ఇలాగే నలుగురిలోకి పోవడం మానేశాడు.

నేను ఊరుకునే రకాన్ని కాదు. ఎదురుగా కూర్చుని మాటల్లో పెట్టి, మన పెళ్ళి రోజు మంచు పడిందా వాన పడిందా అని అడిగాను. రెండూ పడ్డాయి, నీ కొత్త బూట్లు పాడయ్యాయని నువ్వు నన్ను తిట్టావు, అన్నాడు. అది నిజమే. మర్నాడు కుళాయి కింద గిన్నెలు కడుగుతూ, అమ్మాయి ఆదివారం వస్తానంది అని చెబితే, "తగలెయ్, ఎన్నాళ్ళని దాస్తాం" అన్నాడు. చేతిలో గిన్నె జారి తొట్లో పడింది. ఒకరోజు అంతా గుర్తుంటుంది, ఇంకోరోజు కన్నకూతుర్ని తగలెయ్యమంటాడు. మామగారికీ మొదట్లో మంచి రోజులూ చెడ్డ రోజులూ ఇలాగే ఒకదాని వెంట ఒకటి వచ్చేవి. ఆ వారమే కారు తాళాలు తీసి పిండి డబ్బాలో దాచాను. ఆర్వో గోడకున్న మేకు వంక చూశాడు, జేబులు తడుముకున్నాడు, నన్ను ఏమీ అడక్కుండా మంచులో నడుచుకుంటూ రింకుకి వెళ్ళిపోయాడు. కిటికీలోంచి అతని వీపు కనుమరుగయ్యేదాకా చూస్తూ నిలబడ్డాను. తాళాలు తీసి, పిండి దులిపి, మళ్ళీ మేకుకి తగిలించాను.

ఇల్లు దాటనంతవరకూ ఎలాగో నెట్టుకొచ్చేదాన్ని. క్రిస్మస్ ముందు శనివారం ఊరందరి ముందూ జరగరానిది జరిగింది.

ఈ ఆటలో గోలు కాచే గోలీ కాక ఐదుగురే మంచు మీద ఉండాలి. నిమిషం తిరక్కుండా అలిసిపోతారు కాబట్టి, ఆట ఆగకుండానే ఒకడు బెంచీకి వస్తుంటే ఇంకొకడు బెంచీ ముందున్న పొట్టి గోడ దూకి లోపలికి పోతాడు. వచ్చేది ఎవరో లియో బెంచీ చివరినుంచి పేరు పెట్టి అరుస్తాడు. ఆ పేరు పట్టుకుని అతని బదులు పోవలసినవాణ్ణి ఆర్వో పంపుతాడు. పాతికేళ్ళుగా నడుస్తున్న పద్ధతే ఇది. మా ఊళ్ళో సగం మంది ఫిన్లాండ్ నుంచి గనుల్లోకి వచ్చినవాళ్ళ సంతానం, పేర్లన్నీ ఒకే అచ్చులో పోసినట్టుంటాయి. ఆ ఏడాది జట్టులో ముందువరసలో ఆడే కెప్టెన్ హేక్కిలా, వెనక కాపలా కాసేవాడు హేక్కినెన్.

ఆట సమంగా ఉంది. చివరి నిమిషాలు. హేక్కినెన్ అలిసిపోయి బెంచీవైపు వస్తున్నాడు. లియో ఆ పేరే అరిచాడు, పై మెట్ల మీదున్న నాకే వినబడింది. ఆర్వో మాత్రం హేక్కిలా బదులు ఆడవలసినవాడి భుజం చరిచి దూకించాడు. హేక్కిలా ఇంకా అవతలి కొసన ఆడుతూనే ఉన్నాడు. ఈలోగా హేక్కినెన్ గోడ దగ్గరికి రావడం చూసి, అతని బదులువాడు అలవాటు ప్రకారం తనంతట తనే దూకేశాడు. మంచు మీద ఒకడెక్కువ. రిఫరీ ఈల ఊది, చెయ్యెత్తి, మా జట్టు రెండు నిమిషాలు ఒక మనిషి తక్కువతో ఆడాలన్నాడు. ఆ రెండు నిమిషాల్లోనే అవతలివాళ్ళు గోలు కొట్టారు. ఓడిపోయాం.

ఓటమికి ఎవరూ ఏడవలేదు. కానీ ఈల మోగాక కూడా ఆర్వో ఇంకా చేతులూపుతూ, పరిగెత్తండి, పరిగెత్తండి అని అరుస్తూనే ఉన్నాడు. ఆట ఆగిపోయింది, పిల్లలంతా ఆగిపోయారు, అతనొక్కడే అరుస్తున్నాడు. నా వెనక ఎవరో, పాపం ఊర్హో కొడుకే కదా, అన్నారు. ఆ మాట ఎవరన్నారో తిరిగి చూడలేదు. చూస్తే ఆ మనిషితో జన్మలో మాట్లాడేదాన్ని కాదు.

సోమవారం ఆర్వో రింకులో ఉండగా వెస్లీ ట్రావర్స్ మా ఇంటికొచ్చాడు. కాలేజీలో ఆటలన్నిటికీ పెద్ద అతనే. చెడ్డవాడు కాదు, వెచ్చటి దక్షిణ రాష్ట్రాల నుంచి వచ్చినవాడు, మా చలికి మూడు స్వెటర్లు వేసుకుంటాడు. యాలకుల రొట్టె రెండు ముక్కలు తిన్నాడు, కాఫీ తాగాడు, మంచు గురించి మాట్లాడాడు. ఆ తర్వాత గానీ అసలు విషయానికి రాలేదు.

"ఎలా చెప్పాలో తెలియడం లేదమ్మా. కోచ్‌గారి మీద నాకున్న గౌరవం మీకు తెలుసు. ఇంకొక్కసారి ఇలాంటిది జరిగితే, ఏడాది చివరి పోటీలైన ప్లేఆఫ్స్‌కి లియోని నిలబెట్టక తప్పదు. మీరైనా ఆయన్ని డాక్టర్‌కి చూపించండి."

"ఆయన కోచ్‌గా మొదటి కప్పు గెలిచినప్పుడు నువ్వు స్కేట్లు కట్టుకోవడం కూడా నేర్చుకుని ఉండవు. నా రొట్టె నములుతూ నా ఇంట్లోనే ఈ మాట అంటావా?" అన్నాను.

అతను నోట్లో ఉన్నది మింగడానికి నానా తంటాలు పడ్డాడు. గుమ్మం దాకా సాగనంపి తలుపేశాను. వేశాక అక్కడే బూట్ల పక్కన కూలబడ్డాను. అతను చెప్పిందాంట్లో అబద్ధం ఒక్కటీ లేదు. ఆర్వోని హాకీ నుంచి తీసేస్తే ఇంట్లో ఏం మిగులుతుందో నాకు తెలుసు. కిటికీ పక్కన కుర్చీ, ఆ కుర్చీలో మామగారు. మళ్ళీ ఆ రోజులన్నీ మొదటినుంచీ. ఈసారి, ఎవరమ్మా నువ్వు అని అడగబోయేది నా మొగుడు.

ఆ సంగతి ఆర్వోకి చెప్పలేదు. ఎలా చెప్పను? కొత్త సంవత్సరం వచ్చింది, పోయింది. వరసగా నాలుగు ఆటలు గెలిచారు. ప్రతి ఆటలోనూ నేను ఆ రబ్బరు బిళ్ళ, పక్ ఎక్కడుందో చూడలేదు, మంచు మీద తలలు లెక్కపెడుతూ కూర్చున్నాను.

మా ఇళ్ళల్లో బుధవారం, శనివారం సౌనా వెయ్యకపోతే వారం గడిచినట్టు కాదు. పెరట్లో చెక్క గది, పొయ్యి మీద కాలే రాళ్ళు, ఆ రాళ్ళ మీద నీళ్ళు పోస్తే లేచే ఆవిరి. జనవరి చివర్లో ఒక బుధవారం సాయంత్రం ఇద్దరం పై బల్ల మీద పక్కపక్కన కూర్చున్నాం. సౌనాలో ఎవరూ ఎవరి మొహమూ చూడరు, రాళ్ళవైపు చూస్తూ మాట్లాడుకుంటారు. అందుకే బయట చెప్పుకోలేనివన్నీ అక్కడ చెప్పుకోవచ్చు. నేను రాళ్ళని చూస్తూ, ధైర్యం చేసి, నీకు ఒంట్లో ఎలా ఉంటోంది ఆర్వో అని అడిగాను. ఉలుకూ పలుకూ లేదు. మీ నాన్నలాగా అనిపిస్తోందా అని అడిగాను. కళ్ళు మూసుకుని హాయిగా ఊపిరి పీలుస్తున్నాడు.

నాకు ఒళ్ళు మండింది. ఇన్నాళ్ళూ కడుపులో దాచుకున్న మాట బయటికి తీస్తే ఈయన పట్టించుకోకుండా కూర్చుంటాడా? కిందికి దిగి, అతని ఎదురుగా నిలబడి, "నిన్నే అడుగుతున్నది" అన్నాను. కళ్ళు తెరిచి, "ఏంటి తైమీ?" అన్నాడు. అడిగిన తీరు మామూలుగా ఉంది, మొహమూ మామూలుగానే ఉంది. నేను మళ్ళీ నోరు తెరవగానే అతని చూపు నా కళ్ళ మీద నిలవలేదు. కిందికి జారి, నా పెదవుల మీద ఆగింది.

ఎందుకు చేశానో తెలియదు. ఆవిరిలో ఒళ్ళు చరుచుకోవడానికి నీళ్ళలో నానబెట్టిన బర్చ్ ఆకుల కట్ట తీసి, వీపు మీద కొట్టుకోబోతున్నట్టు ఎత్తి, దాన్ని నోటికి అడ్డం పెట్టుకున్నాను.

"ఆర్వో, ఇల్లు తగలబడుతోంది."

"ఆఁ, పొయ్. ఇంకో చెంబెడు నీళ్ళు పొయ్" అన్నాడు.

నేను పోశాను. రాళ్ళు బుసకొట్టాయి. ఆ ఆవిరిలో నిలబడి ఒక్కొక్కటే కూడబలుక్కున్నాను. పాలు విరిగాయంటే కాలు విరిగిందనుకున్నాడు. పాలు, కాలు. అక్క అంటే చక్రం అనుకున్నాడు. వస్తానంది అంటే దాస్తానంది, ఏ పాత సామానో అనుకున్నాడు. హేక్కిలా, హేక్కినెన్. ఈల అసలు వినబడనే లేదు. మతి ఎక్కడికీ పోలేదు, పోయింది చెవులు. చెవుడు. నా మొగుడికి వట్టి చెవుడు. నవ్వు ఎక్కడినుంచి వచ్చిందో, ఒంటిమీద నూలుపోగు లేకుండా ఆ తడి నేలమీద కూర్చుని పొట్ట పట్టుకుని నవ్వాను. ఆర్వో బెదిరిపోయి బల్ల మీద నుంచి దిగి, వేడి తలకెక్కిందేమోనని నా నెత్తిన చన్నీళ్ళు గుమ్మరించాడు.

డులూత్ పట్నంలో చెవుల డాక్టర్‌కి చూపించాం. కుండబద్దలు కొట్టినట్టు చెప్పాడాయన. కుర్రతనంలో గనిలో డ్రిల్లు పట్టావు, తర్వాత జీవితమంతా రేకుల కప్పు కింద ఈలల మధ్య నిలబడ్డావు, సన్నటి శబ్దాలన్నీ నీకు ఎప్పుడో పోయాయి, మాటల్లో అచ్చులు వినబడతాయి, మిగతాది నువ్వే ఊహించుకుంటున్నావు, అన్నాడు. నేను ఊరుకోక, మరి మతి సంగతేమిటని అడిగాను. ఆయన ప్రశ్నలు కాగితం మీద రాసి ఆర్వోకి ఇచ్చాడు. ఆర్వో అన్నిటికీ జవాబు రాసి, కింద ఆయన రాసిన ఒక మాటలో తప్పు దిద్ది ఇచ్చాడు. డాక్టర్ కాగితం నాకు చూపించి, ఈ మనిషికి ఉన్న మతి నాకుంటే చాలన్నాడు. నా నెత్తిన పాలు పోసినట్టయింది.

తిరుగు ప్రయాణంలో సరస్సు పక్కన దారి వెంబడి వస్తుండగా ఆర్వో ఉన్నట్టుండి కారు పక్కకి తీసి ఆపాడు. గడ్డకట్టిన నీళ్ళవైపు చూస్తూ కూర్చున్నాడు. చెవికి కొత్తగా పెట్టిన యంత్రాన్ని వేలితో సర్దుకున్నాడు.

"రోజూ పొద్దున గడ్డం గీసుకుంటూ జట్టులో అందరి పేర్లూ చెప్పుకుంటున్నాను" అన్నాడు.

"ఎందుకూ?"

"ఎన్ని మర్చిపోయానో చూసుకుందామని. ఒక్కటీ మర్చిపోవడం లేదు. అయినా నేను మాట్లాడితే జనం మొహాలు మారిపోతున్నాయి. నాన్నకీ ఇలాగే మొదలైంది కదా. నీకు మళ్ళీ ఆ చాకిరీ తప్పదేమోనని..."

మాట పూర్తి కాలేదు. ముప్పయ్యేళ్ళ కాపురంలో ఆర్వో కంగాస్ ఏడవడం నేను చూసింది అదొక్కసారే. నేనూ ఏడ్చాను.

"నేనూ అదే అనుకున్నాను" అన్నాను.

"మరి చెప్పవేం?"

"నువ్వు చెప్పావా?"

ఇద్దరం ముక్కులు తుడుచుకున్నాం. రోడ్డు మీద మంచు తోసే లారీ డ్రైవర్ మమ్మల్ని చూసి, కారు ఆగిపోయిందేమోనని దిగి వచ్చాడు. బాగానే ఉందయ్యా, అంతా బాగానే ఉందని చెప్పి పంపించాను. మిగతా దారంతా ఒకటే ఆకలి వేసింది. ఒక ఊళ్ళో ఆగి ఇద్దరం మాంసం కజ్జికాయలు రెండేసి తిన్నాం. నెలల తరబడి తిండి రుచి తెలిసింది లేదు.

ట్రావర్స్‌కి ఆర్వో తనే వెళ్ళి చెప్పాడు. చెవులేగా, ఇంకేం కాదుగా అని అతను ఒకటికి రెండుసార్లు అడిగి, లేచి చెయ్యి కలిపాడట. పిల్లలకి చెప్పడమే ఆర్వోకి కష్టమైంది. వాళ్ళ ముందు ముసలాడు అనిపించుకోవడం ఇష్టం లేదు. చెప్పకపోతే మళ్ళీ మంచు మీద ఒకడెక్కువవుతాడు, అది నీకు ఇష్టమేనా అని నేను నిలదీశాను. బట్టలు మార్చుకునే గదిలో అందరినీ కూర్చోబెట్టి చెప్పాడు. అక్కడ జరిగింది నాకు లియో చెప్పాడు. వినగానే హేక్కిలా లేచి, "కోచ్, మేం పిలిస్తే మీరు పలకడం మానేశారు. మా ఆట మీకు నచ్చడం లేదనుకున్నాం. అందుకే ఈ ఏడాదంతా చచ్చేట్టు పరిగెత్తాం" అన్నాడట. వెనకనుంచి హేక్కినెన్, "ఇకమీద కాస్త మెల్లగా పరిగెత్తొచ్చా?" అని అడిగాడట. ఆర్వో ఆ ముక్క వినబడనట్టే ఊరుకున్నాడట.

పేర్లు అరిచే పద్ధతి ఆ రోజుతో పోయింది. హేక్కిలా వస్తుంటే లియో ఆర్వో ఎడమ భుజం తట్టాలి, హేక్కినెన్ వస్తుంటే కుడి భుజం. మిగతావాళ్ళకి వీపు మీద వేళ్ళతో గుర్తులు. చెవి యంత్రం మాత్రం రింకులో పనికిరాలేదు. రేకుల కప్పు కింద జనం ఘోషంతా బుర్రలోకి వచ్చి పడుతోందని, గుమ్మం దగ్గరే తీసి జేబులో వేసుకునేవాడు.

మార్చిలో ప్లేఆఫ్స్ మా ఊళ్ళోనే జరిగాయి. ఆ రాత్రి కోచ్ రెండు భుజాలతో వింటున్నాడని ఊరంతా చూసింది. ఎడమ తడితే ఒకడు దూకాడు, కుడి తడితే ఇంకొకడు దూకాడు. నేను తలలు లెక్కపెట్టడం ఆటలో చివరిదైన మూడో అంకం దాకా మానలేకపోయాను. ఐదుగురే. ఎప్పుడు చూసినా ఐదుగురే. సమంగా నిలిచిన ఆట అదనపు సమయంలోకి పోయింది. అందులో అవతలి జట్టువాడు ఒకడు, మావాళ్ళు ఎవరూ ఏ తప్పూ చెయ్యకుండానే, ఎక్కడినుంచో కొట్టిన పక్ గోలీ మోచేతి కిందనుంచి దూరిపోయింది. ఆ ఏటికి మా ఆట అయిపోయింది. చుట్టూ జనం తలలు పట్టుకున్నారు. నాకు మాత్రం హాయిగా ఊపిరి ఆడింది.

ఆటగాళ్ళు వెళ్ళిపోయాక, మెట్ల కింద రేడియో మనిషి జెర్రీ మైకు పట్టుకుని ఆర్వోకి అడ్డం వచ్చాడు. జనం చుట్టూ మూగారు. జెర్రీ ఏదో అడిగాడు. మైకు అతని నోటికి అడ్డంగా ఉంది, పెదవులు కనబడే వీలు లేదు. ఇప్పుడు తల ఊపి, నోటికొచ్చింది చెబుతాడు, ఊరంతా రేడియోలో వింటుంది, పాపం ఊర్హో కొడుకు అంటుంది.

ఆర్వో చెయ్యి చాపి ఆ మైకుని జెర్రీ గుండెల దాకా దించాడు.

"నాకు చెవుడు నాయనా. గట్టిగా అడుగు."

జెర్రీ గొంతు చించుకుని, ఎందుకు ఓడిపోయాం కోచ్, అని అరిచాడు.

"వాళ్ళు మనకంటే బాగా ఆడారు" అన్నాడు ఆర్వో.

అడిగినదానికి జవాబు. నేను ఆ మెట్ల మీదే కూర్చుండిపోయి వెక్కి వెక్కి ఏడ్చాను. ఓడిపోయినందుకు ఏడుస్తున్నాననుకుని పాస్టర్‌గారి భార్య తన చేతిరుమాలు ఇచ్చింది. తీసుకున్నాను.